పిల్లలకి దెయ్యం కథలు: ఎంతవరకు భయపెట్టాలి, ఎక్కడ ఆపాలి?

కాలవగట్టు (ప్రశ్న)

దసరా సెలవుల్లో కాలనీ గ్రంథాలయంలో 5 రోజులపాటు సాయంత్రం కథల గంట పెడుతున్నాం. 18 మంది పిల్లలు పేర్లిచ్చారు. 5 ఏళ్ళ వాళ్ళు నలుగురు, 6 నుంచి 8 లోపు తొమ్మండుగురు, మిగిలిన అయిదుగురు 9 నుంచి 11. ఏ కథలు కావాలో చీటీ మీద రాయమంటే సగానికి పైగా చీటీల్లో ఒకటే మాట: దెయ్యం కథ. తల్లిదండ్రుల్లో కొందరు "అస్సలొద్దు, రాత్రి మమ్మల్ని పడుకోనివ్వరు" అంటున్నారు. ఇంకొందరు "మేం వినలేదా, మాకేమైంది" అంటున్నారు.

అడగాల్సినవి ఇవి. చేతిలో ఫోనుండగా కూడా పిల్లలు ఇంకా దెయ్యం కథే ఎందుకు అడుగుతారు? మూడు వయసుల వాళ్ళని ఒకే గదిలో కూర్చోబెట్టి భయం కథ చెప్పడం కుదిరే పనేనా? గది, దీపం, గొంతు ఎలా ఉండాలి? భేతాళుడు, బాలనాగమ్మ లాంటి పాత కథల్లో ఏది ఉంచాలి, ఏది తీసెయ్యాలి? మధ్యలో ఎవరైనా జడుసుకుంటే ఏం చెయ్యాలి?

దయచేసి పద్ధతి చెప్పండి. "మా నాయనమ్మ చెప్పేది" తరహా ముచ్చట్లకి వేరే థ్రెడ్లు బోలెడున్నాయి.

ఊఁకొట్టు

మొదటి ప్రశ్నకి జవాబు మనం కథ చెప్పుకునే తీరులోనే ఉంది. "అనగనగా" అన్నామంటే ఇది ఇప్పటిది కాదు, ఇక్కడిది కాదు అని చెప్పేసినట్టే. "కథ కంచికి, మనం ఇంటికి" అన్నామంటే అయిపోయింది, ఇక లెండి అని. ఈ రెండింటి మధ్యా వినేవాడు ఊఁ కొడుతుంటాడు. ఆ ఊఁ పిల్లవాడి చేతిలో కళ్ళెం. వాడు ఊఁ అంటే కథ నడుస్తుంది, మానేస్తే ఆగుతుంది. భయాన్ని తన చేత్తో పట్టుకుని కొంత దూరం నడిపించి, మళ్ళీ గుమ్మందాకా తెచ్చి దింపుకునే వీలు పిల్లలకి ఇంకెక్కడుంది? కుక్క వెంటపడ్డప్పుడు లేదు, సూది మందు దగ్గర లేదు. విన్న కథనే పదిసార్లు అడగడం కూడా ఇందుకే. మొదటిసారి కథ కోసం. ఆ తర్వాతవన్నీ భయం ఎక్కడ వస్తుందో తనకి ముందే తెలుసన్న దర్జా కోసం. నాలుగోసారి చెప్పేటప్పుడు చూడండి, తలుపు తట్టే ఘట్టం ఇంకా రెండు వాక్యాలుండగానే దుప్పటి ముఖం మీదకి లాక్కుంటారు.

వీడియోలో ఈ ఊఁ లేదు. పిల్ల బిగుసుకుపోయినా తెర తన దారిన తను పోతుంది. అందుకే అదే దెయ్యం ఫోనులో కనబడితే ఒకలా, మనిషి నోట వింటే ఇంకోలా పనిచేస్తుంది. చెప్పేవాళ్ళ నోట విన్నప్పుడు ఆ దెయ్యం బొమ్మని గీసుకునేది పిల్లలే, తమకి ఓపిక ఉన్నంత వరకే గీసుకుంటారు.

"అన్నం తినకపోతే బూచాడికి పట్టించేస్తా" అనేది కథ కిందికి రాదు. దానికి అనగనగా లేదు, కంచి లేదు. బూచాడు ఇప్పుడే వీధి గుమ్మంలో నిలబడి ఉన్నాడు, ఎప్పుడు పోతాడో తెలీదు, పైగా వాణ్ణి పిలుస్తున్నది అమ్మే. ఇలాంటి బెదిరింపులతో పిల్లలు రాత్రిళ్ళు ఉలిక్కిపడుతుంటే నింద మాత్రం కథల మీద పడుతుంది. మొదటి రోజే పెద్దవాళ్ళకి ఒక్క మాట చెప్పి ఉంచండి: ఈ వారమంతా ఇంట్లో దెయ్యం పేరు చెప్పి పనులు చేయించుకోవద్దని. "పాలు తాగు, లేకపోతే నిన్నటి కథలోది వస్తుంది" అని ఒక్క ఇంట్లో అన్నా మీ శ్రమంతా బూడిదలో పోసిన పన్నీరే.

ఇప్పటి పిల్లల్లో చాలామందికి ఊఁ కొట్టడం అలవాటు లేదు. మొదటి 2 నిమిషాలు దానికే కేటాయించండి. "మీ ఊఁ వినబడకపోతే కథ కదలదు" అని చెప్పి, భయం ఊసే లేని వాక్యాలతో సాధన చేయించండి. రాజుగారు లేచారు. ఊఁ. పళ్ళు తోముకున్నారు. ఊఁ. బొగ్గు మింగేశారు. ఇక్కడ నవ్వుతారు, నవ్వనివ్వండి. వాక్యం 6, 7 మాటలు మించితే ఊఁ ఎక్కడ కొట్టాలో తెలీక మానేస్తారు. పాత కథల వాక్యాలు అంత పొట్టిగా ఉండేది ఊరికే కాదు.

ఇక అక్కణ్ణుంచి మీ చెవి ఆ ఊఁ మీదే ఉండాలి. గట్టిగా, హుషారుగా వస్తోందంటే భయం ఇంకా మొదలవలేదు. సన్నగా గొంతులోంచి వస్తోందంటే సరైన చోటే ఉన్నారు. 18 మందిలో నాలుగైదు గొంతులే వినబడుతున్నాయంటే మీరు వాళ్ళని వదిలేసి ముందుకెళ్ళిపోయారు, ఒక మెట్టు దిగాలి. ఊఁ ఊఁ ఊఁ అని దడదడా కొట్టేస్తున్నారంటే మాత్రం విసుగెత్తిందని అర్థం.

బడిగంట

కళ్ళెం మాట నిజమే. కాకపోతే 18 మందికీ ఒకే కళ్ళెం సరిపడదు. 5 ఏళ్ళ వాడికి భయం పుట్టే చోటు వేరు, 10 ఏళ్ళ వాడికి వేరు.

చిన్నవాళ్ళకి భయం రూపంలో ఉంటుంది. అమెరికాలో విస్కాన్సిన్ విశ్వవిద్యాలయానికి చెందిన జోఆన్ కాంటర్ పిల్లల భయాల మీద చాలాకాలం పనిచేశారు. టీవీలో వచ్చే హల్క్ అనే పచ్చ మనిషి విషయంలో ఆమె గమనించిన సంగతి ఇక్కడ పనికొస్తుంది. వాడు మంచివాడే, జనాన్ని కాపాడేవాడే. అయినా బడి ఈడు రాని పిల్లలు ఎక్కువ బెదిరింది వాడికే, అందులోనూ మామూలు మనిషి అలా మారిపోయే చోట. పెద్ద పిల్లలకి వాడు చేసేది మంచిపని అని తెలుస్తుంది కాబట్టి అంత బెదరలేదు. దీన్నిబట్టి మీ గదిలో చెయ్యకూడనివి తేలిపోతాయి. గడ్డం కింద టార్చి పెట్టుకోవద్దు. మాస్కు వద్దు. తెలిసిన మీ ముఖమే వేరే ముఖం అయిపోవడం 5 ఏళ్ళ పిల్లకి అన్నిటికన్నా పెద్ద దెబ్బ. "ఇది మంచి దెయ్యం" అని సర్దిచెప్పినా ఆ వయసుకి ఊరట దొరకదు. బాలనాగమ్మని మాంత్రికుడు కుక్కగా మార్చేసే ఘట్టం పెద్దవాళ్ళకి చమత్కారంగా ఉంటుంది కానీ చిన్నవాళ్ళకి ఆ కథ మొత్తంలో బరువైంది అదే.

7, 8 ఏళ్ళకి వచ్చేసరికి జరగడానికి వీలున్నవి భయపెడతాయి: దొంగ, నిప్పు, తప్పిపోవడం, అమ్మకో నాన్నకో ఏదో కావడం. పది తలల రాక్షసుడంటే నవ్వేస్తారు. కిటికీ గొళ్ళెం ఊడి ఉందంటే మాత్రం లేచి కిటికీ వైపు చూస్తారు. 9 దాటినవాళ్ళకి విడని ముడి ఇష్టం, స్నేహితుల ముందు భయపడలేదని చూపించుకోవడం ఇంకా ఇష్టం. గదిలో అల్లరి మొదలుపెట్టేది వీళ్ళే. ఆ అల్లరి వెనక భయమే ఉంటుంది చాలాసార్లు, కసిరితే ఇంకా పెరుగుతుంది.

అందుకని మొదటి 20 నిమిషాల్లో అందరికీ కలిపి, నవ్వుతో ముగిసే భయం కథ ఒకటి చెప్పండి. ఆ తర్వాత 5 ఏళ్ళ వాళ్ళని ఇంకో పెద్దమనిషి పక్క గదిలోకి బొమ్మలు గీయడానికి తీసుకెళ్ళాలి. "మీకు భయమేస్తుంది, వెళ్ళండి" అనకూడదు. "మీరు విన్న కథకి బొమ్మ మీరే వెయ్యాలి" అనాలి. రెండో కథ మిగిలినవాళ్ళకి. నిడివి చిన్నవాళ్ళకి 8 నిమిషాలు, మధ్యవాళ్ళకి 12, పెద్దవాళ్ళకి 20 దాటొద్దు.

జడుసుకోవడం విషయం. చెవులు మూసుకోవడం, వేళ్ళ సందుల్లోంచి చూడటం, పక్కవాడి చొక్కా పట్టుకోవడం, కెవ్వున అరిచి నవ్వడం, ఇవన్నీ బాగున్నట్టు లెక్క. తన భయాన్ని తనే సర్దుకుంటున్నారు. చప్పుడు లేనివాళ్ళని కనిపెట్టాలి. కదలకుండా బిగుసుకుపోయిన పిల్ల, మీ వైపు కాకుండా తలుపు వైపే చూస్తున్నవాడు, రెండోసారి, మూడోసారి బాత్రూం అని లేస్తున్నవాడు. అలాంటప్పుడు కథ ఆపేసి "ఏమ్మా, భయమేసిందా?" అని పేరు పెట్టి అడిగితే 17 జతల కళ్ళు ఆ పిల్ల మీద పడతాయి, రేపట్నుంచి రాదు. కథలోనే దీపం వెలిగించండి: "అంతలో తాతయ్య లాంతరు పట్టుకుని బయటికొచ్చాడు." ఈలోగా రెండో పెద్దమనిషి వెళ్ళి పక్కన కూర్చోవాలి. తర్వాత ఆ పిల్లకి ఒక పని అప్పగించండి, గంట కొట్టడమో, దీపం దగ్గర కాపలా ఉండటమో. చేతిలో పని ఉంటే భయానికి చోటు తగ్గుతుంది. ఎవరికైనా ఎప్పుడైనా లేచి మంచినీళ్ళ కుండ దగ్గరికి వెళ్ళే హక్కుందని మొదట్లోనే చెప్పండి. కుండ గది బయట ఉండాలి, అదే అందులో కిటుకు.

పేర్లు రాసుకునే కాగితంలో ఒక వరస చేర్చండి: ఈమధ్య ఇంట్లో ఎవరైనా పోయారా, ఆసుపత్రిలో ఉన్నారా అని. ఒక్క ఇంట్లో అవుననుకున్నా ఆ వారం చచ్చినవాళ్ళు తిరిగొచ్చే కథ చెప్పొద్దు. రాక్షసుడు, మాంత్రికుడు అయితే ఫర్వాలేదు. వాళ్ళు ఎవరి తాతయ్యా కారు.

రాత్రి సంగతి కూడా పెద్దవాళ్ళకి ముందే చెబితే ఫోన్లు తగ్గుతాయి. తెల్లవారుజామున లేచి "కలొచ్చింది" అని చెప్పి ఏడిస్తే అది పీడకల. దగ్గరికి తీసుకుని, నీళ్ళిచ్చి, చిన్న దీపం ఉంచితే సర్దుకుంటుంది. పడుకున్న 2, 3 గంటల్లోపే కళ్ళు తెరిచి కేకలు వేస్తూ, ఎవరినీ గుర్తుపట్టకుండా ఉండి, పొద్దున్న అడిగితే ఏమీ గుర్తులేదంటే అది వేరు. అప్పుడు కుదిపి లేపకూడదు. దెబ్బ తగలకుండా చూసుకుంటూ పక్కన ఉంటే చాలు, దానంతటదే తగ్గి నిద్రపోతారు. 5 ఏళ్ళ వాడితో "దెయ్యాలు లేవురా" అని వాదించి లాభం లేదు. చెయ్యి పట్టుకోవడం, దీపం, బొమ్మ, ఇవే పనిచేస్తాయి. 9 ఏళ్ళ వాడికి మాత్రం వివరంగా చెబితే వింటాడు. భయం కొన్ని వారాలైనా తగ్గకుండా నిద్ర, బడి, తిండి దెబ్బతింటుంటే పిల్లల డాక్టరుకి చూపించాలి.

తోలుబొమ్మ

ఇక గదిలోకి వద్దాం.

పూర్తి చీకటి చెయ్యొద్దు, అందరూ చేసే తప్పు అదే. మీ ముఖం కనబడకపోతే పిల్లలు కథ వదిలేసి ఒకళ్ళనొకళ్ళు గిల్లుకుంటారు, ఎవడో ఒకడు "భౌ" అంటాడు, అంతటితో సరి. ట్యూబులైట్లు తీసేసి పసుపు వెలుగిచ్చే బల్బు ఒకటి నేల మీద, మీకు పక్కగా చెయ్యి చాచినంత దూరంలో పెట్టండి. మీ నీడ గోడ మీద పెద్దగా పడుతుంది, ముఖం మామూలుగానే కనబడుతుంది. తలుపు బెత్తెడు తెరిచి, వరండా దీపం వెలుగుతూ ఉండాలి. చిన్నవాళ్ళని ముందు వరసలో కూర్చోబెట్టడం అందరికీ అలవాటు. భయం కథకి అది పనికిరాదు, మీ గొంతు సరాసరి వాళ్ళ మీదే పడుతుంది. తలుపు వైపు, రెండో పెద్దమనిషి పక్కన కూర్చోబెట్టండి. చివర కూర్చున్నవాళ్ళు మీకు 10 అడుగుల్లోపే ఉండాలి. ఫ్యాను 2 మీద పెట్టండి. 5 మీద తిరిగితే మీ గుసగుస ముందు వరస దాటదు. 18 మందికి మైకు అక్కర్లేదు. స్పీకరులోంచి వచ్చే గొంతు కథ చెబుతున్నట్టుండదు, రైల్వే స్టేషన్లో ప్రకటనలా ఉంటుంది.

కొత్తవాళ్ళు భయం వచ్చేకొద్దీ గొంతు పెంచుతారు. తగ్గించాలి. మీరు తగ్గిస్తే వాళ్ళు ముందుకు వంగుతారు, ముందుకు వంగిన పిల్లని సగం పట్టుకున్నట్టే. ఆగడం రెండు రకాలు. మామూలు చోట మనసులో రెండు లెక్కపెట్టండి, పెద్ద చోట మూడు. నాలుగు దాటిందా, ఎవరో కిసుక్కుమంటారు. మార్క్ ట్వేన్ 1895లో కథ చెప్పడం గురించి రాసిన వ్యాసంలో, పోయిన మనిషి తన బంగారు చెయ్యి కోసం తిరిగొచ్చే కథనే ఉదాహరణగా తీసుకున్నాడు. చివరి అరుపుకి ముందు ఆగే ఆ క్షణం రవ్వంత ఎక్కువైనా, తక్కువైనా కథ చెడిందే అంటాడు.

అరుపు అంటే గుర్తొచ్చింది. ఉలిక్కిపడేలా అరిచే కథ 9 దాటినవాళ్ళకే, అదీ వారంలో ఒక్కసారే, చివరి రోజు. మొదటి రోజే అరిస్తే తర్వాత నాలుగు రోజులూ కథ వినరు, అరుపు ఎప్పుడొస్తుందా అని కాచుకుని కూర్చుంటారు. అరిచేటప్పుడు ఏ పిల్లవైపూ చూడకండి, నేల మీదకి అరవండి. ఎవర్నీ పట్టుకుని లాగొద్దు.

ఒక నమూనా ఇస్తున్నాను, అవసరమైనట్టు వాడుకోండి. ప్రతి చుక్క దగ్గరా ఊఁ.

"అనగనగా ఒక ఊరు. ఊరి చివర ఒక ఇల్లు. ఇంటి వెనక బావి. బావికి ఇనప గిలక. పగలంతా గిలక కిర్రుకిర్రుమనేది. పొద్దుగూకితే చేంతాడు తీసి లోపల పెట్టేవాళ్ళు. తాడు లేకపోతే గిలక తిరగదు. ఒకనాటి రాత్రి అందరూ పడుకున్నారు. సీతాలుకి మెలకువ వచ్చింది. కిర్ర్... కిర్ర్..."

ఇక్కడ మూడు లెక్కపెట్టండి.

"సీతాలు మూలకి చూసింది. చేంతాడు మూలనే ఉంది. కిర్ర్... లాంతరు అందుకుంది. తలుపు తీసింది. ఒక అడుగు వేసింది. రెండో అడుగు వేసింది. మూడో అడుగు వేసింది. లాంతరు పైకెత్తింది. గిలక తిరుగుతోంది."

"తాడు లేకపోతే గిలక తిరగదు" అన్న వాక్యం మరిచిపోయారా, కథ పోయింది. చప్పుడుకి ఎవరూ భయపడరు, రాకూడని చప్పుడుకి భయపడతారు. చాలామంది ఇది మింగేసి కిర్ర్ దగ్గరికి పరిగెత్తి, ఆ తర్వాత పిల్లలు ఎందుకు బెదరలేదా అని ఇంకో నాలుగు కిర్ర్‌లు కలుపుతారు. ఆ వాక్యం తాపీగా, ఏమీ ఎరగనట్టు చెప్పాలి.

ముగింపు వయసుని బట్టి. చిన్నవాళ్ళుంటే: "గిలకలో ఇరుక్కుని ఒక మెడతాడు. ఆ తాడు చివర, బావిగట్టెక్కి లాగుతూ, మేక! మ్మే అంది." నవ్వులు, కంచి, అయిపోయింది. 9 దాటినవాళ్ళకి మేకతో ఆపకండి: "సీతాలు మేకని విడిపించింది. పాకలో కట్టేసింది. తలుపు గడియ వేసింది. పడుకుని కళ్ళు మూసుకుంది. కిర్ర్..." అంతే, మూడు లెక్కపెట్టి కంచికి పంపెయ్యండి. రెండు కథలకీ తేడా అయిదే వాక్యాలు.

చప్పుళ్ళు ఫోనులో పెట్టొద్దు, తలలన్నీ ఫోను వైపు తిరుగుతాయి. గొంతుతోనే చెయ్యండి. అడుగుల చప్పుడు కావాలంటే ఎండిన అడ్డాకుల విస్తరి గుడ్డసంచిలో వేసి నెమ్మదిగా పిసకండి. కథకి ఒక్క చప్పుడే.

ఇంకొకటి, దెయ్యాన్ని ఎక్కడ పెడుతున్నారో చూసుకోండి. లిఫ్టులో, మెట్ల కింద, బడి బాత్రూంలో పెట్టారంటే ఆ పిల్ల రేపు పొద్దున అక్కడికి వెళ్ళదు. నీళ్ళు తాగడం తగ్గించేస్తుంది కూడా. బావి, మర్రిచెట్టు, పాడుబడ్డ గుడి, చింతతోపు ఇంకా పనిచేస్తున్నాయి, కాలనీ పిల్లలు రోజూ వాటి పక్కనుంచి నడవరు కాబట్టి.

పట్టువదలని

5 రోజులంటున్నారు కాబట్టి భేతాళ కథల చట్రం కన్నా మంచిది దొరకదు. ఇవి 11వ శతాబ్దంలో కాశ్మీరంలో సోమదేవుడు రాసిన కథాసరిత్సాగరంలో 25 ఉన్నాయి. మనకి చందమామ పుణ్యమా అని ఆ 25 అయిపోయాక కూడా కొత్తవి దశాబ్దాల పాటు వచ్చాయి. దాని కట్టుబడి చూడండి. అర్ధరాత్రి, శ్మశానం, చెట్టుకి వేలాడే శవం: భయమంతా బయటి చట్రంలోనే, అదీ ఒకటిన్నర నిమిషం. లోపలి కథలో దెయ్యమే ఉండనక్కర్లేదు. ముగ్గురు అన్నదమ్ముల తగువో, రాజుగారి తీర్పో ఉంటుంది. ఆ తర్వాత ప్రశ్న. తెలిసి చెప్పకపోతే తల పగులుతుంది, నోరు తెరిస్తే మౌనం చెడి శవం మళ్ళీ చెట్టెక్కుతుంది. పిల్లలు భయం సంగతి మరిచిపోయి ఎవరిది తప్పో తేల్చడంలో పడతారు. చిన్నవాళ్ళకి ఎగిరిపోయే శవం, పెద్దవాళ్ళకి చిక్కుముడి. మూడు వయసులూ ఒకే చాప మీద కూర్చోగల భయం కథ ఇదొక్కటే.

చేసే తీరు: చట్రం మాటలు రోజూ అవే ఉండాలి, అక్షరం మారకూడదు. మూడో రోజుకి పిల్లలే అందుకుంటారు. ప్రశ్న అడిగాక 3, 4 నిమిషాలు వాదించుకోనివ్వండి. శవాన్ని తీసేసి మూట అనొద్దు. శవం అంటే చాలు, వాసన, పురుగులు, రంగు అక్కర్లేదు. అయిదో రోజు అసలు ముగింపు చెప్పండి: ఇన్నాళ్ళూ భయపెట్టిన భేతాళుడే, శవం తెమ్మన్న భిక్షువు నిన్నే బలివ్వబోతున్నాడని రాజుని హెచ్చరిస్తాడు. సాష్టాంగపడమని భిక్షువు అంటే, ఎలాగో నువ్వే చేసి చూపించమని రాజు అడగాలి. వాడు పడుకోగానే తల తెగుతుంది.

ఈ తల తెగడం దగ్గర మెత్తబడతారు జనం. "భిక్షువు పారిపోయాడు" అని మార్చేస్తారు. అది దయ అనుకుంటారు కానీ, పారిపోయినవాడు ఆ రాత్రి పిల్లల మంచం కిందికే చేరతాడు. రక్తం వర్ణించకండి, కానీ వాడు అయిపోయాడని రూఢిగా చెప్పండి. బాలనాగమ్మ కథలో ఏడు సముద్రాల అవతల చిలకలో ప్రాణం కూడా అంతే. చిలక చావాలి. పిల్లలకి కావలసింది చెడ్డవాడు తగ్గడం కాదు, లేకుండా పోవడం. ఇది పెద్దవాళ్ళకి క్రూరంగా తోస్తుంది, పిల్లలకి న్యాయంగా తోస్తుంది.

తీసెయ్యాల్సింది ఇంకొకటుంది. పాత కథల్లో మాంత్రికుణ్ణి ఫకీరనీ, మరాఠీ అనీ అంటారు. ఒట్టి మాంత్రికుడు అనండి, కథకేమీ లోటు లేదు. జోలె వేసుకున్న సన్నాసి, బుడబుక్కలవాడు, బిచ్చగత్తె, ఒంటరి ముసలమ్మ వీళ్ళలో ఎవరినీ పిల్లల్ని ఎత్తుకుపోయేవాళ్ళుగా పెట్టొద్దు. 2018లో పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠాలొచ్చాయన్న పుకారు మన రెండు రాష్ట్రాల్లోనూ తిరిగి అమాయకుల మీద దాడులు జరిగాయి. అదే ఏడు జులై 1న మహారాష్ట్ర ధూలే జిల్లా రైన్‌పాడాలో బిచ్చమెత్తుకుని బతికే సంచారజాతి వాళ్ళు అయిదుగుర్ని గుంపు కొట్టి చంపింది. చేతబడి, బాణామతి అనుమానంతో మన పల్లెల్లో ముసలివాళ్ళని కొట్టిన వార్తలు ఇంకా చదువుతూనే ఉన్నాం. దెయ్యానికి పాదాలు వెనక్కి ఉండనివ్వండి, అలాంటి మనిషి మీ వీధిలో ఉండడు. జోలె ఉన్న మనిషి ఉంటాడు.

ఉలికిపాటు లేకుండా పెద్ద పిల్లల్ని పట్టేసే వస్తువు కావాలంటే "ఓ స్త్రీ రేపు రా". 90ల్లో ఎన్నో ఊళ్ళలో తలుపుల మీద కనబడిన రాత ఇది. కర్ణాటకలో అదే "నాళె బా". ఇందులో పిల్లలు భయం కన్నా ఇష్టపడేది నియమాన్ని. దెయ్యానికి చదవడం వచ్చు, రాసిన మాటకి కట్టుబడుతుంది, రేపు వచ్చినా తలుపు మీద రేపనే ఉంటుంది. ఒక్క సుద్దముక్కతో దెయ్యాన్ని బోల్తా కొట్టించొచ్చు. 10 ఏళ్ళ వాళ్ళకి తలా ఒక కాగితం ఇచ్చి, ఇలాంటి మాటే కొత్తది కనిపెట్టమనండి. అరగంట చప్పుడుండదు.

కాలవగట్టు

చాలా ఉపయోగం. భేతాళ చట్రమే ఖాయం చేస్తున్నాం, రెండో రోజు గిలక, మేక ముగింపుతో. ఇంకా రెండు సందేహాలు. కథ అవగానే "ఇది నిజంగా జరిగిందా?" అని అడుగుతారు కదా, ఏం చెప్పాలి? గంట ఎన్నింటికి పెట్టాలి, కథ నుంచి ఇంటికి ఎలా పంపాలి?

బడిగంట

7 లోపు వాళ్ళు అడిగితే తడుముకోకుండా "లేదు, ఇది కథ" అనండి. ఒక్క క్షణం తటపటాయించి నవ్వారంటే వాళ్ళు దాన్ని అవునని తీసుకుంటారు. 9 దాటినవాళ్ళు అడిగేది వేరు, వాళ్ళకి సగం తెలుసు, ఇంకాసేపు ఆడుకోవాలని అడుగుతారు. "నువ్వేమంటావ్?" అని తిప్పి అడగండి. నిజం అని మాత్రం ఎవరికీ చెప్పొద్దు, సరదాకి కూడా. ఇద్దరూ కలిసి అడిగితే చిన్నవాడికి ఇవ్వాల్సిన జవాబే ఇవ్వండి.

6 గంటలకి మొదలుపెట్టి 7కి ముగించండి. పడుకునే వేళకి గంటన్నర, రెండు గంటల ఎడం ఉండాలి.

తోలుబొమ్మ

రోజూ చివరి కథ భయం కథ కాకూడదు. పేదరాశి పెద్దమ్మో, నక్క మోసపోయిందో, 5 నిమిషాల నవ్వు కథ ఒకటి దాని తర్వాత ఉండాలి. బొమ్మలు గీసుకుంటున్న చిన్నవాళ్ళని కూడా దానికి పిలవండి.

ఊఁకొట్టు

కంచి మాట మీరొక్కరే అనొద్దు. మీరు "కథ కంచికి" అంటే పిల్లలు "మనం ఇంటికి" అని అరవాలి, వాళ్ళు తలుపు మూసినట్టుంటుంది. ఆ తర్వాత ట్యూబులైట్లు ఠక్కున వెయ్యకుండా ముందు వరండా వైపుది, కాసేపాగి గదిలోది. వెంటనే లేపి పంపించకండి. ఉడకబెట్టిన వేరుశనక్కాయలు పొట్టుతోనే ఒక పళ్ళెంలో పోసి మధ్యలో పెట్టండి, 18 మందికి 2 కిలోలు పుష్కలం. వలవడానికి చేతులు కావాలి, నములుతూ బిగుసుకుని కూర్చోలేరు, పది నిమిషాల్లో మేక ఎలా అరిచిందో ఒకళ్ళకొకళ్ళు చేసి చూపించుకుంటుంటారు. వేరుశనగ పడనివాళ్ళు ఉన్నారేమో పేర్లు రాసుకునే కాగితంలోనే అడిగేయండి. 5 ఏళ్ళ వాళ్ళకి గింజ గొంతుకి అడ్డం పడొచ్చు, వాళ్ళ పళ్ళెంలో మరమరాలు పోయండి.